ఎడమచేతి ఉంగరం వేలు

పాలకొల్లు దగ్గర ఆ ఊళ్ళో రేషన్ షాపు మొదట్నించీ సుధాకర్ తండ్రిది. రేషన్ బియ్యం బ్లాకులో అమ్ముకున్నాడని ఆయన లైసెన్సు రద్దు చేశారు. కొత్త డీలర్‌ని వేసేటప్పుడు షాపు ఎస్సీ మహిళకి రిజర్వయింది. దీనమ్మ పరీక్ష రాసి నెగ్గింది. సుధాకర్ కోర్టుకెళ్ళి ఓడిపోయాడు. ఇంటింటికీ బియ్యం తెచ్చే వ్యాన్లు తిరిగినన్నాళ్ళూ ఊరుకున్నాడు. వ్యాన్లు ఆపేసి పంపిణీ మళ్ళీ షాపుల్లోకి రాగానే పాత కోపం లేచింది.

అంతకుముందు దీనమ్మ రొయ్యల షెడ్డులో పదేళ్ళు తలలు వొలిచింది. ఐసు నీళ్ళలో నాని, పెంకులు గీరుకుని వేళ్ళు నున్నగా అరిగిపోయాయి. డీలర్ వేలుముద్ర పడితే గాని రేషన్ మిషన్ తెరుచుకోదు. బొటనవేళ్ళు పెట్టినా ఒప్పుకోని మిషన్ చివరికి ఎడమచేతి ఉంగరం వేలు తీసుకుంది. క్యూలో నిలబడే ఆడవాళ్ళందరికీ ఆ సంగతి తెలుసు.

“మిషన్‌కి ఉంగరం వేలిచ్చేశావు, మా అన్నయ్యకేం మిగిల్చావు వదినా?” అని పక్కింటి బేబి ప్రతి నెలా ఆటపట్టించేది.

సుధాకర్ ఇంటివాళ్ళు ఆ బియ్యం తినరు, ఆ క్యూలోకి రారు.

ఒకటో తారీఖున షాపు తెరవకపోతే రిపోర్టు రాయించి, లైసెన్సు సస్పెండ్ చేయించి, తన మనిషిని కూర్చోబెట్టాలని అతని ఎత్తు. ముందురోజు సాయంత్రం దీనమ్మ బస్తాలు సర్దుకుంటుంటే ఇద్దర్ని వెంటేసుకుని వచ్చాడు. షట్టరు దించారు. జుట్టు పట్టి కింద పడేశారు.

“సుధాకర్ గారూ, వద్దండి. కోర్టులో తేలిపోయింది కదండీ.”

“తేలింది. రేపు వేలుముద్ర ఎలా వేస్తావో అదీ తేల్చేద్దాం.”

కాటా పక్కన పడున్న పాత ఐదు కేజీల తూకం రాయి అందుకున్నాడు. ఒకడు ఆమె వీపు మీద కూర్చున్నాడు. ఇంకొకడు కుడి చెయ్యి లాగి సిమెంటు నేలకి అదిమాడు. దీనమ్మ ఎడమ చెయ్యి పొట్ట కిందికి తోసుకుని బిగుసుకుపోయింది. మొదటి దెబ్బకి బొటనవేలి గోరు లేచిపోయింది. తర్వాతి దెబ్బలకి ఎముక నుగ్గయింది. ఊరంతా వినబడేలా అరిచింది గాని, ఆ వేలు కాదని మాత్రం అనలేదు.

మొగుడు యెహెజ్కేలు పాలకొల్లు ఆసుపత్రికి తీసుకెళ్ళి కట్టు కట్టించాడు.

“షాపు పోతే పోయింది. పోలీస్ స్టేషన్‌కి పద.”

“పోదాం. రేపు బియ్యం ఇచ్చాక పోదాం.”

తెల్లారాక, మూసిన షాపు ఫొటో తీయించడానికి సుధాకర్ వీఆర్వోని, నిన్నటి ఇద్దర్నీ వెంటబెట్టుకొచ్చాడు. షట్టరు తీసుంది. క్యూ రోడ్డెక్కింది. రక్తం ఊరుతున్న కట్టుని గుండెకి ఆనించుకుని దీనమ్మ ఎడమ వేలు మిషన్ మీద పెట్టింది. మిషన్ తెరుచుకుంది.

సుధాకర్‌కి అర్థం కావడానికి కాస్త టైం పట్టింది.

“ఇదన్నమాట నీ వేలు!” అని బల్ల మీంచి దూకి ఆ చెయ్యి పట్టుకుని వెనక్కి విరవబోయాడు. యెహెజ్కేలు అతని నడుం పట్టి లాగాడు. బేబి అదే తూకం రాయి ఎత్తి సుధాకర్ భుజం మీద వేసింది. ఎముక విరిగిన చప్పుడు క్యూలో అందరికీ వినబడింది. కిందపడ్డాక మిగతావాళ్ళు చెప్పులతో కొట్టారు, కాళ్ళతో తొక్కారు. వెంటొచ్చిన ఇద్దరూ పారిపోయారు. అడ్డం వెళ్ళిన వీఆర్వోకీ రెండు తగిలాయి. షాపు తెరిచే ఉందని రాసుకుని ఆయన వెళ్ళిపోయాడు.

కేసులు రెండు వైపులా పెట్టారు. బేబి మీదా ఉంది. దీనమ్మ బొటనవేలు తీసేశారు. లైసెన్సు మిగిలింది. సుధాకర్ బెయిలు మీద వచ్చి, రోజూ షాపు ముందునుంచే బండి మీద తిరుగుతున్నాడు.

షెడ్డు మానేసి ఏళ్ళయింది కాబట్టి దీనమ్మ మిగతా వేళ్ళకి గీతలు మళ్ళీ తేలాయి. మండలాఫీసుకి వెళ్ళి, పాత వేలికి బదులు వాటిలో ఒకటి మిషన్‌లోకి ఎక్కించుకుంది. ఇప్పుడు మిషన్ మీద చెంగు కప్పి, దాని కింద వేలు పెడుతుంది.

“ఏ వేలు వదినా?” అంటుంది బేబి.

“నీకెందుకే. సంచి పట్టు.”