కొడుకు నంబరు

కాలిఫోర్నియాలో ఎమ్మెస్ చదువుతుండగా ఒకసారి రైల్లో నా పక్కన ఒక అమెరికన్ పెద్దావిడ కూర్చుంది. కాలేజీ జట్ల ఫుట్‌బాల్ ఫైనల్‌కి వెళుతోంది. ఆమె కొడుకు క్వార్టర్‌బ్యాక్, అంటే బంతి విసురుతూ జట్టును నడిపించేవాడు. సెమీఫైనల్లో అతని మోకాలు దెబ్బతింది. ఫైనల్ ఆడేది ఇంకొకడు. అయినా ఆమె కోటు కింద కొడుకు నంబరున్న జెర్సీయే వేసుకుంది.

“ఇవాళ మీ అబ్బాయి ఆడట్లేదు కదా?” అన్నాను జాలిగా.

“జట్టును ఫైనల్‌దాకా తెచ్చింది మావాడే. ఆ కొత్తవాడు బాగా ఆడితే వాడికీ చప్పట్లు కొడతాను. చొక్కా మాత్రం మార్చను.”

నేనైతే ఆ కొత్తవాణ్ణి నాలుగు తిట్టి ఇంట్లోనే కూర్చునేదాన్ని.

స్టేడియం దగ్గర ఆమె దిగుతుంటే, కోటు సందులోంచి జెర్సీ చూసి ఎవరో, “అయ్యో, పాత నంబరు!” అని నవ్వారు. ఆమె కోటు విప్పి చేతికి వేసుకుని, ఆ గుంపు మధ్యలోంచే నడిచింది.