మా అక్క అనని మాట

పోయిన మంగళవారం పొద్దున బంటింగ్‌లో మా అక్క కన్నుమూసింది. చూడవచ్చిన వాళ్ళలో ఒకామె, "సిన్నప్పుడు సినిమాల్లో ఏసిందట కదా, ఏ సినిమా?" అని అడిగింది. పేరు నాకూ తెలియదు. తెలిసింది రాస్తాను.

ఇక్కడ ఇంకా తెల్లదొరల పాలన, వాళ్ళు పెట్టిన ఎమర్జెన్సీ రోజులు. మావాళ్ళు కూలి చేసే రబ్బరు తోట చుట్టూ ముళ్ళకంచె. అడవిలోని తిరుగుబాటుదారులకు చేరుతుందని గుప్పెడు బియ్యం కూడా బయటికి పోనిచ్చేవారు కాదు. సర్కారు ప్రచార సినిమాలు తీసేవాళ్ళు లారీలో వచ్చి, పిల్లలందరినీ వరసగా నిలబెట్టి, తొమ్మిదేళ్ళ అక్కను ఎంచుకున్నారు. అక్కవి పెద్ద కళ్ళు. చెట్టుకేసి వేలు చూపిస్తూ ఏదో ఒకటి మాట్లాడమన్నారు. మధ్యాహ్నం దాకా ఎండలో నిలబెట్టారు. అక్క వేలు చూపించి, "ఆకలేస్తంది, ఇంటికెలిపోదాం" అంది. నాకప్పుడు ఆరేళ్ళు. పక్కనే ఉండి విన్నాను. సినిమా తీసే దొర అక్క బుగ్గ గిల్లి బిస్కెట్లిచ్చాడు.

నెల తర్వాత తోట మైదానంలో తెర కట్టి ఆ సినిమా వేశారు. తెర మీద అక్క నోరు కదిలింది. వినిపించింది మాత్రం ఎవరిదో గొంతు, తమిళంలో: "బియ్యం అక్కడ దాచాడు." జనం ఈలలు వేశారు. అక్క నా చెయ్యి పట్టుకుని, "అది నా గొంతు కాదే" అంది.

ఆ వారంలోనే పక్కింటి మావను పోలీసులు పట్టుకెళ్ళారు. సినిమాలో చూపించిన ఆ చెట్టు మొదట్లో బియ్యం మూట దొరికిందట. ఆయన భార్య మా గడప ముందు నిలబడి, "నీ కూతురే సూపించినాది" అంది నాన్నతో.

"అది సినిమా తల్లీ. పసిపిల్లకేటి తెలుసు?"

"అందరం సూసినాం కదా."

మావను ఓడెక్కించి ఇండియాకు పంపేశారు. సినిమావాళ్ళు మరో రెండుసార్లు వచ్చారు. ఒకదాంట్లో అక్క పలక పట్టుకుని బడికి నడిచింది, ఇంకోదాంట్లో సిపాయికి నీళ్ళిచ్చింది. దొరకు వద్దని చెప్పే ధైర్యం నాన్నకు లేదు.

మెర్డెకా, అంటే ఇక్కడి స్వాతంత్ర్యం, వచ్చింది. తోటలో కూడా జెండాలు కట్టారు. పంపేసినవాళ్ళను వెనక్కి రానిస్తారని ఎవరో అన్నారు. పదమూడేళ్ళ అక్క నన్ను వెంటబెట్టుకుని పక్కింటికి వెళ్ళింది.

"అత్తా, నాను ఆ మాట అన్నేదు. ఆకలేస్తందన్నాను. ఆ గొంతు వేరేవోళ్ళది."

అత్త చేటలో బియ్యం ఏరుతోంది. తలెత్తలేదు.

"నీ నోరు కదిలింది. నా కల్లతో సూసినాను."

నేను అక్క వెనకే ఉన్నాను. నేను విన్నానని చెప్పలేదు. భయమేసింది.

మావ రాలేదు. ఉత్తరమూ రాలేదు. అత్త పిల్లల్ని తీసుకుని ఎటో వెళ్ళిపోయింది. అక్క రబ్బరు పాలు తీసింది, ఆ కూలితోనే నన్ను చదివించింది. ఆ తర్వాత ఫ్యాక్టరీలో చేసింది. ఎవరితో మాట్లాడినా అరచెయ్యి నోటికి అడ్డం పెట్టుకునేది. నా పిల్లలు ఒకరి మీద ఒకరు చాడీలు చెబితే, "ఆడేటన్నాడో ఆడినే అడగండి" అనేది. ఆ రోజు ఎందుకు ఊరుకున్నావని నన్ను మాత్రం ఒక్కసారీ అడగలేదు. అడిగి ఉంటే బాగుండేది.

అస్థికలు మోరిబ్ తీరానికి పట్టుకెళ్ళాం. సముద్రం బాగా వెనక్కి పోయి ఉంది. బురదలో ఎంత దూరం నడిచినా నీళ్ళు చీలమండ దాటలేదు. ఇక అక్కడే కలిపేశాం. బూడిద ఎటూ పోక, మా కాళ్ళ చుట్టూ అలాగే నిలిచి ఉంది.