మామ్మ ఎక్కిన స్టేజీ

ఆ రోజుల్లో నాటకమైనా సినిమా అయినా ముసలమ్మకి రెండే పనులు: దగ్గడం, ఏడవడం. గుణుపురం బడిలో కొత్తగా చేరిన నాకప్పుడు ఇరవై రెండేళ్లు. మా మాస్టర్లందరం కలిసి వేసే నాటకంలో, కొడుకు గెంటేసిన తల్లి వేషం నాకిచ్చారు (మీసం తియ్యడానికి మిగతావాళ్లెవరూ ఒప్పుకోలేదు, నాకింకా తియ్యడానికేమీ లేదు). ఇంట్లో నడుం వంచి, కర్ర పట్టుకుని సాధన చేస్తుంటే మా మామ్మ, అంటే మా నాన్నని కన్నతల్లి, పొలం నుంచి ధాన్యం గంపతో వచ్చింది.

"ఏట్రా ఆ దగ్గు? పాణం బాగోలేదేటి?"

"ముసలమ్మ వేషం మామ్మా."

"మరి దానికి జబ్బేటి?"

"జబ్బేం లేదు. ముసలమ్మ, అంతే."

మామ్మ నన్ను కిందనుంచి పైదాకా చూసి, గంప తనే దించుకుని లోపలికెళ్లిపోయింది.

ఆదివారం మధ్యాహ్నం బడి ఆవరణలో నాటకం. నచ్చితే రాయగడ పట్నంలో కూడా ఆడిస్తానని స్కూళ్ల ఇనస్పెక్టరుగారు ముందు వరసలో కూర్చున్నారు. కొడుకు వేషం డ్రిల్లు మాస్టారిది. "పో బయటికి!" అని ఆయన తోసిన తోపుకి నేను నిజంగానే బోర్లాపడ్డాను. పిండి అద్దిన జనపనార విగ్గు ఎగిరెళ్లి హార్మోనియం మీద పడింది. జనం ఒకటే నవ్వు. హెడ్మాస్టారు తెర తాడు కోసం తడుముకుంటున్నారు. అంతలో ఆడవాళ్ల వరసలోంచి మామ్మ లేచింది. చెంగు నడుముకి చుట్టి దోపుకుని, చకచకా స్టేజీ ఎక్కి, "నువ్వు లెగరా" అని నన్ను పక్కకి నెట్టి, డ్రిల్లు మాస్టారి ఎదుట నిటారుగా నిలబడింది.

"ఏరా, ఎవుల్ని పొమ్మంతన్నావు? ఈ ఇల్లెవులు కట్టేరు? మట్టి తొక్కింది నేను, గోడెట్టింది నేను. ఎల్తే నువ్వెల్లు!"

దీనికి జవాబు డ్రిల్లు మాస్టారికి ఎవరూ రాసివ్వలేదు. ఆయన "తప్పయిపోనాదమ్మా" అంటూ కాళ్లమీద పడిపోయాడు. నాలుగో అంకంలో మారాల్సిన కొడుకు రెండో అంకంలోనే మారిపోయాడు. నాటకమూ అక్కడే అయిపోయింది. నవ్విన జనమే లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.

"రాయగడలో కూడా ఆవిడే వెయ్యాలి" అన్నారు ఇనస్పెక్టరుగారు. నా వేషం పోయింది. మామ్మ మాత్రం ఏమీ మొహమాటపడలేదు. "వత్తాను గానీ బాబూ, నాకో పాట కూడా ఎట్టించండి" అంది. పెట్టించారు. రాయగడలో ఆవిడ వరి ఊడుపుల పాట అందుకుంటే జనం మళ్లీ పాడమన్నారు. నేను తెర లాగాను (బాగానే లాగానని మామ్మే మెచ్చుకుంది).

ఇప్పుడు నేను ఆనాటి మామ్మ వయసు దాటాను. ఈ మధ్య సినిమాల్లో ముసలమ్మలు వ్యాపారాలు నడుపుతున్నారు, ప్రేమలో కూడా పడుతున్నారు. చూసినప్పుడల్లా మామ్మ కొంచెం తొందరపడి పుట్టేసిందనిపిస్తుంది. ఇరవై రెండేళ్లకే ముసలితనమంతా తనకి తెలిసిపోయిందనుకున్న ఆ కుర్ర మాస్టారు గుర్తొస్తే మాత్రం, నాలో నేనే నవ్వుకుంటాను.