ముట్టని కంచాల పుస్తకం

అసిమీన తన నీడని కూడా రెండుసార్లు తడిమి చూసుకునే మనిషి. మా ఊరి కోట జైల్లో ఆడవాళ్ళ వైపు ముప్పై ఏళ్ళు వార్డరుగా చేసింది. నేను ఆ జైలుకి రొట్టెల బండి తోలేవాణ్ణి. బడి నాలుగో తరగతిలోనే మానేశాను, పంతులు దగ్గర నాకు నేర్పడానికి ఇంకేమీ మిగల్లేదు కనక. అలాంటి నన్ను కూడా గేటు దగ్గర ఆపి, రొట్టెలన్నీ విరిచి చూసేది.

"లోపల ఏం దాచానత్తా, ఫిరంగా?"

"నీ నోట్లో అయితే అదీ పడుతుందిరా. నడువు."

ఆ శీతాకాలం గరుఫలియా అనే గొర్రెలకాపరి భార్యని మరణశిక్ష వేసి తెచ్చారు. జనవరి ఆఖర్లో తుపాకులతో కాల్చేస్తారు. ఆగస్టు ఇరవైన ఆమె మేకపాల చీజు పెట్టి రొట్టె చేస్తే, అది తిన్న మొగుడు తెల్లారేసరికి పోయాడు. అటక మీద ఎలుకల మందు దొరికింది. ఆ మందు మా వైపు ఏ అటక మీద లేదు? ఆమె మెడకి చుట్టుకున్నది వేరే. నువ్వెందుకు తినలేదని జడ్జి అడిగితే "ఉపవాసం" అంది. పాలూ చీజూ మాంసం ముట్టని మరియ తల్లి ఉపవాసం పదిహేనో తేదీతోనే అయిపోయింది కదా అని కోర్టంతా గొల్లున నవ్వింది. ఆపైన ఆమె నోరు విప్పలేదు.

అసిమీన ఆమె కోసం ఓ పుస్తకం పెట్టింది. ఏం తింది, ఏం ముట్టలేదు, ఏ తేదీన. "విషం పెట్టిన చేతికి కూడంటే భయం ఉంటుంది. ఎక్కడో దొరుకుతుంది. ఇది నీకు తప్ప ఎవరికీ తెలీదు, నోరు మూసుకో" అంది నాతో.

నవంబరు పదిహేను నుంచి ఊరంతా క్రిస్మస్ ఉపవాసంలో మాంసం మానేసింది. గరుఫలియా మాత్రం జైలు కూరలో ఎముకని కూడా వదల్లేదు.

"చూశావా? దేవుడి భయమే లేదు."

ఇరవై ఎనిమిదిన ఉన్నట్టుండి కంచం తోసేసింది. అప్పట్నుంచి పప్పూ ఆలివ్ కాయలే. క్రిస్మస్ నాడు అసిమీన ఇంటి నుంచి పంది మాంసం తెస్తే వాసన కూడా చూడలేదు.

"నేను విషం పెట్టాననుకుంటోందిరా!" అని అసిమీన మండిపడింది. అనుమానించడం తనకే చెల్లు మరి.

జనవరి ఏడున గరుఫలియా తనే అడిగింది. "అక్కా, ఓ ముక్క మాంసం దొరుకుతుందా?"

అసిమీన తెచ్చి పెట్టి, ఆమె తింటుంటే పుస్తకం తిరగేసింది. వేళ్ళు మడిచి లెక్కపెట్టింది. తలుపు మూసి ఎదురుగా కూర్చుంది.

"నీది పాత లెక్కా?"

గరుఫలియా నమలడం ఆపేసింది.

అప్పటికి పదేళ్ళ కిందట మా చర్చి క్యాలెండరు మార్చింది. కొండ ఊళ్ళలో కొందరు మారలేదు; ఒకే ఇంట్లో మొగుడు మారినా పెళ్ళాం మారనిదీ ఉంది. వాళ్ళ పండగలూ ఉపవాసాలూ మా కంటే పదమూడు రోజులు వెనక. మా ఆగస్టు ఇరవై వాళ్ళకి ఏడో తేదీ, ఉపవాసం నడిమధ్య. వాళ్ళ ఫాదర్లు దొరికితే పోలీసులు గడ్డం గొరిగి లోపలేసేవారు.

"కోర్టులో చెప్పి చావచ్చుగా?"

"మీ ఫాదరెక్కడ అంటారక్కా. ఆయన మా అన్న కొట్టంలోనే దాక్కున్నాడు."

"ఆయన గడ్డం కోసం నువ్వు చస్తావా, మొద్దుమొహమా? గడ్డం మళ్ళీ మొలుస్తుంది!"

అక్కడితో నమ్మేసిందనుకునేరు. తిన్నగా నా బండి దగ్గరికొచ్చి నా కాలరు పట్టుకుంది.

"పుస్తకం సంగతి దానికి నువ్వు చెప్పావా? చెప్పుంటే ఇదంతా నాటకమే."

"ఒట్టు! చెప్పలేదత్తా."

జీవితంలో నేను నిజం చెప్పిన రోజు అదొక్కటే. ఆవిడ నా మొహంలోకి చాలాసేపు చూసి, పుస్తకం నా చేతిలో పెట్టింది. గరుఫలియా వకీలునీ ఆ పుస్తకాన్నీ ఏథెన్స్ ఓడ ఎక్కే రేవు దాకా నేనే తోలాను. చక్రాలు నేల తాకితే ఒట్టు.

కాల్చడానికి నాలుగు రోజుల ముందు ఏథెన్స్ నుంచి ఆగమని తంతి వచ్చింది. కేసు మళ్ళీ విచారించారు. ఉపవాసం నిజమని తేలాక మిగిలింది ఎలుకల మందే. మొగుడు విషంతోనే పోయాడని ఏ డాక్టరూ ఒట్టేసి చెప్పలేకపోయాడు. వదిలేశారు. ఫాదరు గడ్డం ఎవరికీ దొరకలేదు.

ఏటా జనవరి ఏడున కొండ మీంచి అసిమీనకి చీజు రొట్టె వచ్చేది. మొదటి ముక్క నాకు పెట్టి, గంటసేపు నన్నే చూస్తూ కూర్చుని, అప్పుడు తను తినేది. పంతొమ్మిదేళ్ళు అంతే. ఇరవయ్యో ఏడు నేను చెయ్యి చాపేలోపే కొరికేసింది.

"అనుమానం పోయిందా అత్తా?"

"లేదురా. ఆకలేసింది."