అత్తయ్యగారి కారు, ఇరుక్కుపోయిన రెండు డిస్కులు

పెళ్ళయి తాడేపల్లిగూడెం వచ్చిన కొత్తలో మా ఇంట్లో మాటలు చాలా మర్యాదగా ఉండేవి. "కాఫీ తీసుకుంటారాండీ అత్తయ్యగారూ" అని నేను, "నువ్వు తాగావామ్మా" అని ఆవిడ. అంతటితో అయిపోయేది. మా ఆయనది ఆకివీడు అవతల, కొల్లేటి చేపల చెరువుల మీద మేతా మందులూ చూసుకునే ఉద్యోగం. సోమవారం పొద్దున్న వెళితే శనివారం సాయంత్రానికి గానీ ఇల్లు చేరేవారు కాదు. మామయ్యగారు మా పెళ్ళికి ముందే పోయారు. అంచేత వారమంతా మేమిద్దరమే. ఆవిడ టీచరుగా చేసి రిటైరయిన మనిషి. నేను ఊళ్ళో ఓ ప్రైవేటు స్కూల్లో లెక్కలు చెప్పేదాన్ని. ఇద్దరు టీచర్లు ఒకే ఇంట్లో ఉంటే ఎవరు ఎవర్ని దిద్దాలో తెలియదు కదా, అందుకని ఇద్దరం జాగ్రత్తగా మసలుకునేవాళ్ళం.

హాల్లో టీవీ కింద మా ఆయన వీడియో గేమ్ మిషన్ ఉండేది. నల్లటి పెట్టె, ముందు వైపు సన్నటి సందు. ఆ సందులో డిస్కు పెడితే తనే లోపలికి లాక్కుంటుంది. ఆదివారం చర్చి నుంచి వచ్చాక ఆయన దాని ముందు కూర్చునేవారు. అత్తయ్యగారు వెనకాల మంచం మీద చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ ఉండేవారు. ఆవిడ చూపు చిక్కుడుకాయల మీద లేదని నాకు అప్పట్లో తెలియలేదు.

ఓ శుక్రవారం పరీక్షలని స్కూలు మధ్యాహ్నానికే వదిలేశారు. గేటు తీస్తుంటేనే లోపల్నుంచి గర్రు గర్రుమని చప్పుడు. హాల్లోకి వెళ్ళేసరికి అత్తయ్యగారు నేల మీద మోకాళ్ళ మీద కూర్చుని, వంటింటి పట్టకారు పట్టుకుని, ఆ మిషన్ సందులోకి తొంగి చూస్తున్నారు.

"అయ్యో, ఆగండి అత్తయ్యగారూ! అందులో పెట్టకండి!" అని అరిచాను. ఆ ఇంట్లో నేను గొంతెత్తడం అదే మొదటిసారి.

ఆవిడ ఉలిక్కిపడి పట్టకారు వెనక్కి దాచుకున్నారు. ముఖం ఎర్రగా అయిపోయింది.

"లోపల ఒకటుందని చూసుకోలేదమ్మా. రెండోది పెట్టేశాను. ఇప్పుడు ఏదీ రావడం లేదు."

"ఏది పెట్టారండీ?"

"కార్లది" అన్నారు, నేలచూపులు చూస్తూ.

ముందు టీవీ, మిషన్ రెండూ ఆపి, ప్లగ్గు పీకేశాను. ఆ చప్పుడు ఆగేసరికి ఇద్దరికీ కొంచెం ఊపిరి ఆడింది. ఏలూరులో మా తమ్ముడికి టీవీలు, కంప్యూటర్లు బాగుచేసే చిన్న షాపుంది. ఫోను చేసి సంగతి చెప్పాను.

"అక్కా, ఏమీ కాదు. అలా వదిలెయ్యండి. చాకులూ గరిటెలూ ఏవీ లోపల పెట్టకండి. తిరగేసి దులపకండి. రేపు తీసుకొచ్చెయ్యి" అన్నాడు.

ఫోను పెట్టేశాక అత్తయ్యగారు నా చెయ్యి పట్టుకున్నారు. "అబ్బాయికి చెప్పకమ్మా. రేపు సాయంత్రం వాడొచ్చేలోగా మనం వచ్చేద్దాం."

మర్నాడు రెండో శనివారం, నాకు సెలవు. మిషన్‌ను పాత దుప్పట్లో చుట్టి, ఆవిడ కూరగాయల బుట్టలో పెట్టి, పైన తువ్వాలు కప్పాం. పొద్దున్న పాసింజరెక్కాం. ఇద్దరం కలిసి ఎక్కడికైనా వెళ్ళడం అదే మొదలు. ఉంగుటూరు దాటేదాకా ఆవిడ బుట్ట మీద తువ్వాలు సర్దుతూనే ఉన్నారు. తర్వాత కిటికీ వైపు చూస్తూ మెల్లిగా మొదలుపెట్టారు.

"మీరిద్దరూ వెళ్ళిపోయాక ఇల్లు బోసిగా ఉంటుందమ్మా. ఒకరోజు ఊరికే నొక్కి చూశాను. రోడ్డు వచ్చింది. పక్కన కొండలు, కింద సముద్రం. నాకు సైకిలు కూడా రాదు కదా. ఆ కారు నేను తిప్పినట్టల్లా తిరుగుతుంటే ఎంత బాగుందనుకున్నావు!"

"గెలిచారా అండీ?"

"గెలవడం దేనికమ్మా? వాళ్ళందరూ తోసుకుంటూ వెళ్ళిపోతారు. పోనిస్తాను. ఎవర్నీ గుద్దకుండా నా దారిన నేను వెళతాను. ఆ వంతెన మీద ఆపి కాసేపు చూస్తాను కూడా."

నాకు నవ్వాగలేదు. నేను నవ్వేసరికి ఆవిడా నవ్వేశారు. ఎదురు సీట్లో కూర్చున్నావిడ ఏమిటా అని చూస్తోంది. భీమడోలులో బండి ఆగాక, బుట్ట వైపు చూపిస్తూ అడగనే అడిగింది.

"ఏవండీ, అంత జాగ్రత్తగా ఒళ్ళో పెట్టుకున్నారు, పిండివంటలాండీ?"

"కాదండీ. వీడియో గేమండీ. రిపేరుకి తీసుకెళుతున్నాం" అన్నాను.

"మనవడిదాండీ?"

అత్తయ్యగారు బుట్టను ఇంకాస్త దగ్గరికి లాక్కుని, "నాదేనండీ" అన్నారు.

షాపులో మా తమ్ముడు టేబుల్ ఖాళీ చేసి మెత్తటి గుడ్డ పరిచాడు. అత్తయ్యగారు ముక్కాలిపీట లాక్కుని ఎదురుగానే కూర్చున్నారు. "చూస్తూ ఉండండి అత్తయ్యగారండీ, ఇందులో బ్రహ్మవిద్య ఏమీ లేదు" అని పక్క మూత విప్పాడు. డిస్కు ఇరుక్కున్నప్పుడు కరెంటు లేకుండా చేత్తో బయటికి తెచ్చుకోవడానికని ఆ మిషన్‌కు ఒక స్క్రూ పెట్టారట. అది మూత కిందే ఉంది. స్క్రూడ్రైవర్ పెట్టి తొందర లేకుండా తిప్పుతూ పోయాడు. చాలాసేపు ఏమీ కదల్లేదు. అత్తయ్యగారి పెదవులు కదులుతున్నాయి, ప్రార్థన చేసుకుంటున్నారని తెలుస్తోంది. ఇంతలో సందులో సన్నగా వెండి గీతలాంటిది మెరిసింది.

"వచ్చింది! లాగు నాయనా!" అన్నారావిడ.

"లాగకూడదండీ. అది వచ్చినంతా రానిచ్చి, అప్పుడు అంచులు పట్టుకోవాలి."

సగం దాకా వచ్చాక అతను ఆగి, "మీరు తీయండి" అన్నాడు. ఆవిడ చేతులు చీరకు తుడుచుకుని, రెండు అరచేతుల మధ్య అంచులు మాత్రమే ఆనేలా పట్టుకుని పైకి తీశారు. అది కార్లది. ఇంకొంచెం తిప్పితే రెండోది, మా ఆయన ఫుట్‌బాల్ ఆట, దాని వెనకే వచ్చింది. రెండిటినీ కిటికీ వెలుగులో ఏటవాలుగా పెట్టి చూశాం. ఒక్క గీత లేదు. మెత్తటి పొడిగుడ్డతో మధ్యలోంచి అంచుకి తుడవాలని తమ్ముడు చెబుతుంటే, ఆవిడ పసిపిల్ల ముఖం తుడిచినట్టు తుడిచి డబ్బాల్లో పెట్టారు.

"బాగయిందో లేదో చూడాలి కదా, ఇంటికి పదండి" అన్నాడు తమ్ముడు.

మా అమ్మా నాన్నా ఉండే ఇల్లు షాపు వెనకే. అమ్మ చేపల పులుసు పెట్టి, "వదినగారూ, తినకుండా కదలనివ్వను" అని కూర్చోబెట్టేసింది. తిన్నాక తమ్ముడు మిషన్ టీవీకి తగిలించాడు. అత్తయ్యగారు ముందు వద్దన్నారు, తర్వాత కొంగు దోపుకున్నారు. కారు బయల్దేరింది. మా నాన్న ఎప్పుడూ పెద్దగా మాట్లాడని మనిషి. ఆయన కుర్చీలోంచి లేచి, "ఎడమకండీ, ఎడమకి! లారీ వస్తోంది!" అని అరవడం మొదలెట్టారు. అమ్మేమో "కాస్త నెమ్మదిగా వదినగారూ, నాకు కళ్ళు తిరుగుతున్నాయి" అంటూ కళ్ళు మూసుకోకుండా చూస్తోంది. మేం తిరిగి ఎక్కాల్సిన రెండు గంటల బండి వెళ్ళిపోయిందని ఎవరికీ గుర్తు లేదు.

అప్పుడు నా ఫోను మోగింది. మా ఆయన.

"ఎక్కడున్నావు? అమ్మ నీతోనే ఉందా?"

"ఉన్నారు. ఏలూరొచ్చాం. ఏమైంది?"

"హమ్మయ్య. పని తొందరగా అయిందని వచ్చేశాను. ఇంట్లో దొంగలు పడ్డారు! బీరువా ముట్టుకోలేదు, టీవీ ముట్టుకోలేదు, నా గేమ్ ఒక్కటే పట్టుకుపోయారు. ఇది తెలిసినవాళ్ళ పనే!"

నేను అత్తయ్యగారి వైపు చూశాను. ఆవిడకు ఆ కేకలన్నీ వినిపించాయి. కారు జాగ్రత్తగా రోడ్డు పక్కకి ఆపి, ఫోను తీసుకున్నారు.

"తెలిసినవాళ్ళ పనే నాన్నా. నేనే."

అత్తయ్యగారు రెండో డిస్కు దగ్గర్నుంచి పట్టకారు దాకా ఏదీ దాచకుండా చెప్పేశారు. కాసేపటికి ఫోనులోంచి నవ్వు వినిపించింది. అంత గట్టిగా ఆయన నవ్వడం నేనెప్పుడూ వినలేదు.

"ఇంతకీ ఇప్పుడు ఎన్నో స్థానంలో ఉన్నావమ్మా?"

"ఆఖర్నేరా. కానీ కారుకి ఒక్క సొట్ట పడలేదు."

సాయంత్రం గూడెం స్టేషన్‌కు ఆయనే వచ్చి బుట్ట అందుకున్నారు. ఆ ఆదివారం చర్చి నుంచి రాగానే తల్లీకొడుకులు పక్కపక్కన కూర్చున్నారు. నేను వంటింట్లో ఉంటే, "అమ్మాయ్, చెయ్యి కడుక్కుని రా, నీకూ నేర్పుతాను" అని అత్తయ్యగారి కేక. వెళ్ళాను. మొదటి మలుపులోనే గోడను గుద్దేశాను. "స్పీడు తగ్గించాలమ్మా" అని నన్ను దిద్దారు, నేనూ ఏమీ అనుకోలేదు.

తర్వాత కొన్నాళ్ళకు ఆటలో ఆవిడ ముందున్న కారు ఒకటి పల్టీ కొట్టింది. ఆవిడ తన కారు ఆపేశారు. "ఎవరైనా దిగుతారేమో చూడండర్రా, దెబ్బలు తగిలాయో ఏమో." మేమిద్దరం "అందులో ఎవరూ లేరు, పోనివ్వండి, పోనివ్వండి!" అని గోల చేస్తే, అయిష్టంగానే దాన్ని దాటారు. ఆరోజు మొదటిసారి ఆఖర్నుంచి రెండో స్థానంలో వచ్చారు.

ఆ సాయంత్రం ఆవిడ మా వీధిలో అందరికీ కాజాలు పంచారు. "ఏమిటండీ విశేషం?" అని ఎవరడిగినా, "ముందు తినండి, చల్లారిపోతాయి" అన్నారు. కాజాలు చల్లారడమేమిటని ఎవరూ అడగలేదు.