ముందు దిగినవాడు

మా మేష్టారు పోయారు. కబురు కాలనీ వాట్సాప్‌లో వచ్చింది. దాని కింద దండాల బొమ్మలు, పువ్వుల బొమ్మలు, మధ్యలో ఎవరో చూసుకోకుండా పెట్టిన పుట్టినరోజు కేకు. ఆ కేకు ఇప్పటికీ అక్కడే ఉంది.

ఆయన బెంగాల్లో మా ఖరగ్‌పూర్ రైల్వే ట్రాఫిక్ కాలనీలో చరిత్ర పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. నేను రైల్వే వర్క్‌షాపు ఫిట్టరుని. బడి ముఖం సరిగా చూడని నాకు, వయసు ముదిరాక పుస్తకం రుచి చూపించింది ఆయనే. సాయంత్రాలు కొట్టు దగ్గర మట్టి కప్పులో టీ తాగి, ఆ కప్పును పంపు కింద కడిగి మరీ పారేసేవారు. పగలగొట్టే కప్పుకి స్నానమేమిటని కొట్టువాడు నవ్వితే, "ఎంగిలి నాది. కడగాల్సింది నేనే కదా" అనేవారు.

హిజ్లీలో లైబ్రరీ దాకా సైకిలు తొక్కుకుంటూ వెళ్లి గ్రీకుల కథలు తెచ్చుకునేవారు. ఆ సైకిలుకి బెల్లు లేదు. దగ్గుతూ వెళ్లేవారు, జనం తప్పుకునేవారు. సైకిలు సంగతి ఎత్తితే ఇవాళ తెమలదు. మనకి పురాణాలు లేవా అని నేను దెప్పితే, "ఉన్నాయోయ్. పక్కింటి కూర వాసన సూస్తే మనింటి కూర పాడైపోద్దేటి?" అనేవారు.

అందులో ఆయనకి ఇష్టమైన వీరుడు ప్రొటెసిలావస్. పేరు పలకలేకే లోకం అతన్ని వదిలేసిందని ఆయన ఫిర్యాదు. ట్రాయ్ మీదకి గ్రీకుల ఓడలు వెళ్లాయి. ఆ గట్టు మీద ముందు కాలు పెట్టినవాడు చస్తాడని జోస్యం. మహామహులంతా ఓడల్లో బిగుసుకుపోయారు. తెలివైనవాడొకడు తన డాలు ఇసక మీదకి విసిరి, దాని మీదకి దూకాడు. నేల తగల్లేదు, పేరు మాత్రం దక్కింది. వాడు దిగాడనుకుని ఇతను దూకాడు. పోయాడు. అతని భార్య ఏమైందని అడిగితే మేష్టారు, "మొగుడి బొమ్మ సేయించుకున్నాదట" అని అక్కడితో ఆపేసేవారు.

మొన్నటి వానలకి మా క్వార్టర్ల వెనక కాలువ పూడిపోయి, మురుగు వంటిళ్లలోకి వచ్చింది. మా షెడ్డు మనుషులకో అలవాటు ఉంది. మేస్త్రీ చెయ్యి పెట్టనిదే పనిలో ఎవడూ చెయ్యి పెట్టడు. రిటైరైనా అది వదల్లేదు. కాలువ గట్టున కూడా మేస్త్రీ కోసం చూస్తూ నిలబడ్డారు. కాలనీ కమిటీ సెక్రటరీ, అందరూ బెంగాలీ పద్ధతిలో దాదా, అంటే అన్న, అని పిలిచే మా తెలుగువాడే, కాలువలో ఇటుకలు పేర్పించి, పైన చెక్క వేయించి, దాని మీద నిలబడి, "నాను దిగినాను, రండర్రా" అన్నాడు. ఫోటో తీయించుకున్నాడు. చెప్పు తడవలేదు.

మేష్టారికి చూపు ఆనదు. చెక్క కనపడలేదు. "దాదా దిగినాడట, మనకేటి" అని పంచె ఎగ్గట్టి దిగిపోయారు. నడుం దాకా మురుగు. ఆయన వెనక నేను దిగాను. రెండోవాడి గురించి ఏ కథా ఉండదు, ఉండక్కర్లేదు. కుళ్లిన పరుపొకటి, ఉబ్బిన పందికొక్కు ఒకటి లాగి గట్టున పడేశాక, ఆయన చేత్తో తడిమి ఆ చెక్కను గుర్తుపట్టారు.

"డాలు ఏసినాడోయ్" అని నవ్వారు.

తర్వాత జ్వరం. కాలి పగుళ్లలోంచి మురుగు విషం ఎక్కిందన్నాడు డాక్టరు. ఇక మంచం దిగలేదు.

సంతాప సభకి ముందు అమ్మగారు, అంటే మేష్టారి భార్య, నన్ను పిలిచారు. "పొగడ్తలొద్దు బాబూ. ముందు దిగింది ఆయనేనని నలుగురి మధ్యన ఒక్క ముక్క సెప్పించు. అంతే."

సభలో మేష్టారి ఫ్లెక్సీ కట్టారు. ఆయన బొమ్మ కింద సెక్రటరీ బొమ్మ, దండం పెడుతూ. మైకు కూడా అతనిదే. "ఆ రోజు నాను దిగగానే, నా ఎనకాలే మన మేష్టారు కూడా..." చప్పట్లు.

నేను లేచాను. "నువ్వు దిగింది సెక్క మీదకి దాదా. నీళ్లలోకి ముందు దిగింది ఆయన."

"బాబాయ్, పోయినోళ్ల కాడ తగువేటి? సెక్క మాత్రం కాలవలో లేదేటి?"

నవ్వారు. ఆ వేళ గట్టున నిలబడ్డవాళ్లందరూ నవ్వారు. అమ్మగారు నేలచూపులు చూస్తూ కూర్చున్నారు.

సభ అయ్యేసరికి వాన. హాలు గుమ్మం ముందు మళ్లీ మురుగు బురద. బయటికి ఎలా వెళ్లాలని ఒకరినొకరు చూసుకున్నారు. సెక్రటరీ ఆ ఫ్లెక్సీ విప్పించి బురద మీద పరిపించాడు. ముందు తనే నడిచాడు. వెనక అందరూ, చెప్పులతో. మేష్టారి నుదుటి మీద ఎవరిదో మడమ అచ్చు పడింది.

అమ్మగారు ఫ్లెక్సీ తొక్కలేదు. పక్కన బురదలోకి దిగి, చీలమండలు మునిగేలా నిలబడి, ఆఖరివాడు దాటేదాకా ఆగారు. తర్వాత వంగి దాన్ని లాగారు. నేనో కొస పట్టుకున్నాను. పంపు దగ్గర పరిచి, ఆయన ముఖం అరచేత్తో రుద్ది కడిగారు. చెవుల వెనక కూడా. కింద రెండో బొమ్మ మీద బురద అలాగే ఉంది. నేను చెంబెత్తితే చెయ్యి అడ్డం పెట్టారు.

"అది మనది కాదు బాబూ."

ఇప్పుడు వాళ్ల పెరట్లో దండెం మీద ఆ ఫ్లెక్సీ వేలాడుతోంది. గాలికి ఊగుతోంది. పై సగంలో మేష్టారు నవ్వుతున్నారు. కింద సగం మీద బురద ఎండి, పెచ్చులు పెచ్చులుగా రాలుతోంది.