భద్రక్కకు పద్దెనిమిది నిండిన రోజు

మా చిన్నప్పుడు... రాష్ట్ర సరిహద్దు అవతల, బాసగూడ అడవుల వైపు మా పిల్లలందరిదీ ఒకటే పుట్టినరోజు. జులై ఒకటి. బళ్ళో చేర్చేటప్పుడు "ఎప్పుడు పుట్టింది?" అని గురూజీ అడిగితే, మా అమ్మలు "ఇప్పపూలు రాలేటప్పుడు" అనో, "వరికోతలప్పుడు" అనో చెప్పేవారు. ఆయన అన్నీ విని తలూపి, అందరికీ జులై ఒకటే రాసుకునేవాడు...

అందుకే ఒక ఏడు మా ఆడపిల్లల హాస్టల్లో పన్నెండో తరగతి అక్కలందరికీ ఒక్కరోజే పద్దెనిమిదేళ్ళు నిండాయి. వాళ్ళలో మా పెద్దమ్మ కూతురు భద్రక్క కూడా ఉంది. నేను మూడో తరగతి. ఊళ్ళో బడి మూతపడ్డాక, రోడ్డు పక్కనున్న ఆ హాస్టల్లో నన్నూ అక్క దగ్గర వదిలారు.

ఈ పుట్టినరోజుల సంగతి ఒక నాయకుడి చెవిన పడింది. ఆయనే స్వయంగా వచ్చి ఆడపిల్లల్ని దీవిస్తాడని కబురొచ్చింది. హాస్టలంతా రంగు కాగితాలు కట్టారు...

నాకేమో అప్పటికే జ్వరం. ఆయన వచ్చే రోజు పొద్దున చలికి పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. అక్క హాస్టల్ మేడం దగ్గరికి పరుగెత్తింది. మేడం భద్రాచలం వైపు నుంచి వచ్చిన తెలుగావిడే.

"మేడం, చెల్లె ఒళ్ళు కాలిపోతాంది. దవాఖానకు తీస్కపోతా."

"పెద్దోళ్ళు వచ్చి సంతకం పెట్టంది పిల్లను గేటు దాటనియ్యం. అయినా ఇయ్యాల పోగ్రాం ఉంది గదా! అయినంక చూద్దాంలే."

పెద్దవాళ్ళు రావాలంటే వాగు దాటాలి. వానకు వాగు నిండుగా పారుతోంది...

హాలు నిండుగా కనబడాలని నన్ను కూడా ముందు వరుసలో కూర్చోబెట్టారు. పొద్దున వస్తానన్న మనిషి మధ్యాహ్నం దాటాక వచ్చాడు. కేకు ఆయన జీపులోనే వచ్చింది. గులాబీరంగు క్రీము కరిగి అట్టపెట్టె మూలల్లోకి జారింది. దాని మీద ఈగలు... పులిసిన వాసన. ఇప్పటికీ ఆ రంగు కేకు నేను ముట్టను.

నాయకుడు అందరి తరఫున అక్కను వేదిక మీదికి పిలిచి, జేబులోంచి కాగితం తీసి హిందీలో చదివాడు. "బేటీ, నేటినుంచి నువ్వు పెద్దదానివి. నీ నిర్ణయాలు నీవే. రెక్కలు విప్పి ఎగురు, ఆకాశమంతా నీదే..." పేరు చెప్పాల్సిన చోట ఆగాడు. పక్కవాణ్ణి అడిగి "సుభద్రా" అన్నాడు. అక్క పేరు భద్రమ్మ. అయినా మా చేత చప్పట్లు కొట్టించారు.

తర్వాత కేకు ముక్క తీసి అక్క నోటి దగ్గర పట్టుకున్నాడు. ఫోటో తీసేదాకా అలాగే నవ్వుతూ నిలబడ్డాడు. ఫోటో అవగానే ఆ ముక్కను పళ్ళెంలో పడేసి, చెయ్యి రుమాలుతో తుడుచుకున్నాడు. అక్క నోరు తెరుచుకునే ఉండిపోయింది...

సరిగ్గా అప్పుడే నాకు వాంతి అయింది. ఆయన వేదిక దిగుతున్నాడు, బూటు మీద రెండు చుక్కలు పడ్డాయి.

"అరే, హటావో ఇస్కో!" అని అరిచాడు. నన్ను అక్కణ్ణుంచి తీసేయమని!

అక్క వేదిక దిగి వచ్చింది. తన చున్నీతోనే నా మూతి తుడిచి వీపున ఎక్కించుకుంది.

"ఏయ్ భద్రమ్మా, ఏడికి? ఇంకా అందరి ఫోటో ఉంది," అంది మేడం.

"దవాఖానకు."

"సంతకమో?"

"నేనే పెడ్తా. ఇయ్యాల్టి సంది నేను పెద్దదాన్నని ఇంతసేపు మైకుల చెప్పింది ఏంది మరి? ఏడ పెట్టాల్నో చూపియ్యండి."

మేడం నాయకుడి వైపు చూసింది. ఆయన కుర్చీలో కూర్చుని ఎవరిచేతనో బూటు కడిగించుకుంటున్నాడు. ఇక ఆవిడ రిజిస్టరు ముందుకు తోసింది. అక్క నన్ను దించకుండానే వంగి సంతకం పెట్టింది.

వానలో రోడ్డెక్కాం. అక్క మెడ మీద నా తల వాలిపోవడం, "పండకే, నాతోని మాట్లాడు" అని అక్క నన్ను కుదపడం... అంతే గుర్తుంది. దారిలో ఎవరిదో ట్రాక్టరు ఆగి మమ్మల్ని ఎక్కించుకుంది.

మిగతాది అక్క చెప్పగా విన్నదే. మలేరియా తలకెక్కుతోందని డాక్టరు కోప్పడ్డాడట. "పెద్దవాళ్ళెవరూ రాలేదా?" అని అడిగాడట. "నేనే," అందట అక్క.

బతికాను. మేడం మాత్రం ఆ ఏడంతా అక్కతో సరిగ్గా మాట్లాడలేదు.

ఇదంతా ఇప్పుడెందుకంటే... మొన్న భద్రక్క కూతురికి పద్దెనిమిది నిండాయి. మా చుట్టాల గ్రూపంతా మెసేజ్‌లే మెసేజ్‌లు. "కలలకు రెక్కలు తొడుగు." "గెలుపు నీ కోసం ఎదురుచూస్తోంది." ఒకరు పెట్టిందే ఇంకొకరు పెట్టారు. జగదల్పూర్‌లో రెండంతస్తుల ఇల్లున్న మా చిన్నమామ అయితే, గులాబీల బొమ్మ కింద "నీ వెంట నేనున్నా తల్లీ, ధైర్యంగా అడుగు వెయ్" అని పెట్టాడు.

ఆ వారమే పిల్ల నర్సింగులో చేరడానికి జగదల్పూర్ వెళ్ళాల్సి వచ్చింది. ఉండటానికి చోటు అడుగుదామని మామకు ఫోన్ చేసింది. ఎత్తలేదు. మళ్ళీ చేసింది. ఎత్తలేదు... గ్రూపులో మాత్రం అప్పుడే ఇంకెవరికో గులాబీలు పంపుతున్నాడు. ఛీ!

చివరికి నేనే, దంతెవాడలో నా ఉద్యోగానికి సెలవు పెట్టి వెళ్ళాను. తెలిసినవాళ్ళింట్లో ఇద్దరం సర్దుకున్నాం. పిల్ల కాలేజీలో చేరింది.

ఆ మెసేజ్‌లు అక్కకు చదివి వినిపిస్తుంటే మధ్యలోనే ఆపేసింది. "బంద్ చెయ్యే. ఒక్కరన్నా పిల్లతోని మాట్లాడిండ్రా?"

నేను ఫోన్ పక్కన పెట్టేశాను. ఇప్పుడు మాటలకేం కరువు? పొద్దున లేచేసరికి పూలతో, పాటలతో సహా వచ్చి పడుతున్నాయి. చదువుతుంటే ఎంగిలి ముద్ద నోట్లో పెట్టినట్టుంటోంది...

మీకు పద్దెనిమిది నిండినప్పుడు మీ కోసం ఎవరైనా లేచి నాలుగడుగులు వేశారా? వేస్తే వాళ్ళ గురించి కింద కామెంట్లలో రాయండి, తీరిగ్గా కూర్చుని చదువుకుంటాను. వచ్చిన మెసేజ్‌లు మాత్రం దయచేసి ఇక్కడ అతికించకండి.